అభయమూ, దాని మూల్యమూ

భారతీయ వాఙ్మయం దానాలను లెక్కించినప్పుడు అన్నదానాన్నీ విద్యాదానాన్నీ ఎంతగానో కొనియాడింది. కాని అభయదానానికి ఇచ్చిన స్థానం వేరు. అన్నం ఒక పూట ఆకలి తీరుస్తుంది. విద్య జీవితమంతా తోడు వస్తుంది. అభయం జీవితమనేది మిగిలేటట్లు చేస్తుంది. 'భయపడవద్దు, నేనున్నాను' అని పలికినవాడు ఎదుటివాని ప్రాణానికి తన ప్రాణాన్ని పూచీగా పెడుతున్నాడు. ఆ మాట పలకడానికి క్షణం చాలు. నిలుపుకోవడానికి ఒక్కొక్కప్పుడు జీవితం చాలదు.

ఈ సంగతిని శిబి చక్రవర్తి కథ తేటగా చెప్పింది. డేగ తరుముకొని రాగా పావురం వచ్చి రాజు ఒడిలో వాలింది. రాజు అభయమిచ్చాడు. డేగ ఊరకే పోలేదు. తన ఆకలినీ, తనను నమ్ముకొన్నవారి ఆకలినీ చెప్పి, ఒక ప్రాణం కాపాడడానికి మరి కొన్ని ప్రాణాలు తీయడం ఏ ధర్మమని అడిగింది. రాజు ఆ వాదాన్ని త్రోసివేయలేదు. పావురమంత తూకం మాంసాన్ని తన తొడ నుండి కోసి ఇవ్వడానికి ఒప్పుకున్నాడు. త్రాసులో పావురం బరువు పెరుగుతూనే వచ్చింది. కోసిన మాంసం చాలలేదు. తుదకు రాజు తానే తక్కెడలో కూర్చున్నాడు. కథ వినే పిల్లలు రాజు త్యాగానికి ఆశ్చర్యపడతారు. పెద్దలు గమనించవలసినవి మరి రెండు ఉన్నవి. అభయమిచ్చిన నాడు దాని తూకమెంతో ఇచ్చినవానికి తెలియదు. రెండవది, కోసిన మాంసం రాజుదే. సేవకునిది కాదు, సైనికునిది కాదు, రాజ్యంలోని ఏ రైతు కుమారునిదీ కాదు.

నేటి రాజ్యాలు కూడా ఒకదానికొకటి అభయమిచ్చుకుంటున్నవి. ఇరుగుపొరుగు దేశాలు కొన్ని చేరి, మీ మీద పడిన దెబ్బ మా మీద పడినట్లే అని పత్రం వ్రాసుకొని, ఉమ్మడి రక్షణ విధానమని దానికి పేరు పెడుతున్నవి. సంతకం చేసేవారు మంత్రులు. తక్కెడలో కూర్చోవలసి వచ్చేవారు ఇరవై యేండ్ల యువకులు. తన శరీరాన్ని ఇచ్చే హక్కు శిబికి ఉన్నది. ఇతరుల శరీరాలను పొరుగువారి కోసం వాగ్దానం చేసే హక్కు రాజ్యానికి ఎక్కడ నుండి వచ్చింది? ఆ హక్కు లేనే లేదంటే, బలహీనుడైన పొరుగువాడు డేగకు ఆహారం కావలసిందేనా? ఉమ్మడి రక్షణను గురించిన ధర్మవిచారమంతా ఈ రెండు ప్రశ్నల నడుమ నలుగుతున్నది.

ఈ విచారానికి ఐరోపా ఖండపు ఇటీవలి చరిత్ర మంచి ఆధారం. ముప్పది యేండ్ల వ్యవధిలో రెండు మహాయుద్ధాలకు జన్మస్థానమై, ఆ తరువాత ఉమ్మడి రక్షణ అనే భావాన్ని ఇన్ని రూపాలలో పరీక్షించి చూచిన ఖండం మరొకటి లేదు. 1948 మార్చి 17న బ్రిటన్, ఫ్రాన్సు, బెల్జియం, నెదర్లాండ్సు, లక్సెంబర్గు దేశాలు బ్రస్సెల్స్ నగరంలో ఒక ఒడంబడిక చేసుకున్నవి. వాటిలో ఏ దేశం మీద ఐరోపాలో సాయుధ దాడి జరిగినా, మిగిలినవి తమ శక్తిలో ఉన్న సైనిక సహాయమూ ఇతర సహాయమూ అంతా చేయవలెనని అందులో ఉన్నది. మరుసటి సంవత్సరం ఏప్రిల్ 4న వాషింగ్టన్ నగరంలో ఉత్తర అట్లాంటిక్ ఒడంబడిక కుదిరింది. అందులో కూడా ఒకరి మీది దాడిని అందరి మీది దాడిగానే భావించారు. కాని ఆపైన ప్రతి దేశమూ తాను అవసరమని తలచిన చర్య తీసుకోవలెనని మాత్రమే వ్రాసుకున్నారు. యుద్ధం ప్రకటించే అధికారం రాజ్యాంగం ప్రకారం కాంగ్రెసుది కావున, ఒక ఒడంబడిక దానిని ముందుగానే హరించరాదని అమెరికా సెనేటు పట్టుబట్టడమే ఈ మెత్తని మాటకు ముఖ్య కారణం.

'శక్తిలో ఉన్నదంతా' అనే మాటకూ, 'అవసరమని తలచినది' అనే మాటకూ ఉన్న దూరం న్యాయశాస్త్రజ్ఞుల పదవివాదం కాదు. మొదటి మాట రక్షణ కోరేవాని వైపు నిలిచి పలికినది. రెండవది రక్షణకు మూల్యం చెల్లించేవాని వైపు నిలిచి పలికినది. సరిహద్దు గ్రామంలో శత్రువు ఫిరంగులు వినే గృహస్థుకు మొదటి మాట కావలె. దూరదేశానికి కొడుకును పంపవలసిన తల్లికి రెండవ మాట కావలె. ఇద్దరిలో ఎవరి కోరికా అధర్మం కాదు. అభయం ఎంత నిరపేక్షంగా ఉంటే అంత విలువైనది. ఎంత ఆలోచించి ఇస్తే అంత న్యాయమైనది. ఈ రెండు గుణాలు ఒకే పత్రంలో ఇమడడం దుర్లభం.

ఆ దుర్లభత 1954లో ఫ్రాన్సు శాసనసభలో బయటపడింది. 1950 జూన్‌లో కొరియా యుద్ధం మొదలు కాగానే పశ్చిమ ఐరోపా భయపడింది. జర్మనులకు మళ్లీ ఆయుధాలు ఇవ్వక తప్పదని అమెరికా పట్టుబట్టింది. జర్మన్ సైనికులు ఉండాలి గాని జర్మన్ సైన్యం ఉండరాదు అనే విచిత్రమైన అవసరం నుండి ఒక ఉపాయం పుట్టింది. ఆ యేడు అక్టోబరు 24న ఫ్రాన్సు ప్రధానమంత్రి రెనె ప్లెవెన్, పలు దేశాల దళాలను ఒకే అధికారం క్రింద కలిపే ఐరోపా సేనను ప్రతిపాదించాడు. 1952 మే 27న ఫ్రాన్సు, పశ్చిమ జర్మనీ, ఇటలీ, బెల్జియం, నెదర్లాండ్సు, లక్సెంబర్గు దేశాలు పారిస్‌లో ఆ ఒడంబడిక మీద సంతకాలు చేసినవి. రెండేండ్లు గడిచిన తరువాత, 1954 ఆగస్టు 30న, ప్రతిపాదించిన ఫ్రాన్సు శాసనసభే 319 ఓట్లకు 264 ఓట్లతో దానిని ప్రక్కకు పెట్టింది.

దీనిని సంకుచిత జాతీయత అని నిందించినవారు చాలామంది. కాని పారిస్ నగరం జర్మన్ ఆక్రమణ నుండి విడుదల పొందినది 1944 ఆగస్టు 25న. శాసనసభ ఓటు వేసిన నాటికి పదేండ్లూ అయిదు రోజులూ మాత్రమే గడిచినవి. తండ్రిని పోగొట్టుకొన్న కుమారుణ్ణి, ఆ తండ్రిని చంపిన సేన నుండి వచ్చిన మనిషి ప్రక్కన ఒకే జెండా క్రింద నిలబెట్టే అధికారం ఏ పత్రానికి ఉన్నది? నిన్నటి డేగ నేడు పావురాలకు కావలి కాస్తానంటే పావురాలు వెంటనే నమ్మలేదు. నమ్మకపోవడం వాటి నేరం కాదు.

అయితే అవే ఆరు దేశాలు అంతకు ముందే మరొక పని చేసి ఉన్నవి. 1951 ఏప్రిల్ 18న బొగ్గునూ ఉక్కునూ ఒకే ఉమ్మడి అధికారం క్రిందికి తెచ్చినవి. ఆ రోజులలో ఫిరంగికి కావలసిన ముడిసరుకు ఆ రెండే. ఎవరి గనిలో ఎంత బొగ్గు తీస్తున్నారో, ఎవరి కొలిమిలో ఎంత ఉక్కు కరుగుతున్నదో అందరి కళ్ల యెదుట లెక్క ఉన్నది. రహస్యంగా యుద్ధానికి సిద్ధపడడం కష్టమైంది. సేన విఫలమైన చోట లెక్కల పుస్తకం నెగ్గింది. 1963 జనవరి 22న ఫ్రాన్సూ జర్మనీ మైత్రీ ఒడంబడిక చేసుకున్నవి. 1989లో ఆ రెండు దేశాల సైనికులతో ఒక ఉమ్మడి దళం ఏర్పడింది. 1954లో అసాధ్యమైనది ముప్పదియైదేండ్ల తరువాత పెద్ద కలకలం లేకుండానే సాధ్యమైంది. బయటివాని నుండి కలిసి కాపాడుకొనే ముందు, ఒకరికొకరు ప్రమాదం కాకుండా పోవడం మొదటి మెట్టు అని దీనివల్ల తేలుతున్నది.

ఉమ్మడి రక్షణలోని మరొక దోషం దీనికంటె ఘోరమైనది. అది, మనస్సులో లేని అభయాన్ని మాటలో ఇవ్వడం. 1991లో యుగోస్లావియా ముక్కలు కాసాగినప్పుడు, దానిని చక్కదిద్దే ఘడియ ఐరోపాకు వచ్చిందని ఐరోపా నాయకులు ధీమాగా ప్రకటించారు. మరుసటి సంవత్సరం బోస్నియాలో యుద్ధం రగిలింది. 1993 ఏప్రిల్ 16న ఐక్యరాజ్య సమితి భద్రతా మండలి తన 819వ తీర్మానంతో తూర్పు బోస్నియాలోని స్రెబ్రెనిత్సా పట్టణాన్ని సురక్షిత ప్రాంతమని ప్రకటించింది. ఆ అభయాన్ని నమ్మి చుట్టుప్రక్కల గ్రామాల ప్రజలు పట్టణంలో చేరి ఉన్నారు. దానిని రక్షిస్తున్నవారు తమ ఆయుధాలలో కొన్నింటిని సమితి దళాలకు అప్పగించారు. అట్టి సురక్షిత ప్రాంతాలను నిజంగా కాపాడడానికి దాదాపు 34,000 మంది సైనికులు కావలెనని సమితి ప్రధాన కార్యదర్శి తెలియజేశాడు. సభ్యదేశాలు దాదాపు 7,600 మందితో సరిపెట్టే చౌక మార్గాన్ని ఎన్నుకున్నవి.

1995 జూలై 11న బోస్నియా సెర్బు సేన పట్టణాన్ని ఆక్రమించింది. కావలి ఉన్న నెదర్లాండ్సు దళం చిన్నది; తేలికపాటి ఆయుధాలు కలది; విమాన సహాయం కోరితే అందినది ఆలస్యంగా, అత్యల్పంగా. దాడి మొదలైనప్పుడు పట్టణ రక్షకులు తాము అప్పగించిన ఆయుధాలను తిరిగి ఇమ్మని అడిగారు. అవి వారికి దక్కలేదు. ఆ తరువాతి కొద్ది రోజులలో దాదాపు 8,000 మంది పురుషులనూ బాలురనూ చంపివేశారు. అది జాతి నిర్మూలనమేనని 2007లో అంతర్జాతీయ న్యాయస్థానం తీర్పు చెప్పింది. సమితి దళం విడిది లోపలనే ఆశ్రయం పొంది, తరువాత బయటికి పంపబడిన దాదాపు 350 మంది విషయంలో తమ రాజ్యానికి కొంత బాధ్యత ఉన్నదని 2019లో నెదర్లాండ్సు అత్యున్నత న్యాయస్థానం నిర్ణయించింది. 2002 ఏప్రిల్‌లోనే ఈ ఘటనను గురించిన విచారణ నివేదిక వెలువడగా ఆ దేశపు మంత్రివర్గం రాజీనామా చేసి ఉన్నది.

ఒడిలో వాలిన పావురాన్ని ఒడి నుండి దింపివేయడమంటే ఇదే. ఆ దళంలోని యువకులను మాత్రమే దోషులనడం సులభం. అది న్యాయం కాదు. దోషం అభయం పలికిన సభలలో ఉన్నది. అక్కడ మాట నిండుగా పలికారు; త్రాసులో తూకం మాత్రం నాల్గవ వంతు కూడా వేయలేదు. అభయం లభించకపోతే దుర్బలుడు పారిపోయేవాడేమో, మరొకరిని ఆశ్రయించేవాడేమో, తన కత్తి తన చేత ఉంచుకొనేవాడేమో. నిలుపుకోని అభయం ఆ దారులన్నిటినీ మూసివేస్తుంది. కావున అది అభయం లేకపోవడం కంటె అధమం. ఇట్టిదే మరొక ఉదాహరణ కలదు. 1994 డిసెంబరు 5న బుడాపెస్టులో ఉక్రెయిన్ తన నేల మీది అణ్వాయుధాలను వదులుకోవడానికి ఒప్పుకొని, రష్యా, అమెరికా, బ్రిటన్ దేశాల నుండి తన సరిహద్దులకు గౌరవం ఉంటుందనే మాట పుచ్చుకున్నది. మాట ఇచ్చిన రష్యాయే 2014లో క్రిమియాను కలుపుకొని, 2022 ఫిబ్రవరిలో పూర్తి యుద్ధానికి దిగింది. మిగిలిన రెండు దేశాలూ ఆయుధాలూ ధనమూ పంపినవి. తమ సైన్యాన్ని యుద్ధానికి పంపలేదు. వారు పత్రంలో పంపుతామని అననూ లేదు. అన్నారని విన్నవారు అనుకున్నారు. ఇచ్చినవాని మనస్సులోని అభయమూ, పుచ్చుకున్నవాని మనస్సులోని అభయమూ వేరువేరు తూకాలుగా ఉండడం ఎంత ప్రమాదమో దీనివల్ల తెలుస్తున్నది.

బోస్నియా అవమానం తరువాత ఐరోపా సమాఖ్య తన ఉమ్మడి రక్షణ విధానాన్ని కొత్తగా కట్టుకోసాగింది. 1998 డిసెంబరులో సెయింట్ మాలో పట్టణంలో బ్రిటన్, ఫ్రాన్సు నాయకులు అందుకు అంగీకరించారు. 1999లో హెల్సింకీలో, అరువది రోజులలో 50,000 నుండి 60,000 మంది సైనికులను కదిలించగల శక్తిని సంపాదించవలెనని నిర్ణయించారు. ఆ మహాసేన కాగితం దాటి ఒకే సేనగా ఎన్నడూ కదలలేదు. దాని స్థానంలో సుమారు 1,500 మంది ఉండే దళాలు 2007 నాటికి సిద్ధమైనవి. వాటినీ ఏ యుద్ధభూమికీ పంపలేదు. 2022 మార్చిలో చేసిన కొత్త సంకల్పంలో సంఖ్య 5,000. అరువది వేల నుండి అయిదు వేలకు దిగిన ఈ లెక్కను చూచి పరిహసించేవారున్నారు. నిజానికి, కదలని అరువది వేల కంటె కదిలే అయిదు వేలు నీతిమంతమైన సంఖ్య. అది కదులుతుందా లేదా అన్నదే ప్రశ్న.

2009 డిసెంబరు 1న అమలులోకి వచ్చిన లిస్బన్ ఒడంబడిక ఈ సమాఖ్యకు పరస్పర రక్షణ వాగ్దానాన్ని ఇచ్చింది. దాడికి గురియైన సభ్యదేశానికి మిగిలినవి తమ శక్తిలో ఉన్న అన్ని విధాలా సహాయం చేయవలెనని దాని 42వ అధికరణం చెబుతుంది. ఆ వాక్యం ప్రక్కనే, కొన్ని దేశాల రక్షణ విధానానికి ఉన్న ప్రత్యేక స్వభావానికి దీనివల్ల భంగం కలగదనే మాట కూడా ఉన్నది. తటస్థతను వ్రతంగా పెట్టుకొన్న ఐర్లండు, ఆస్ట్రియా వంటి దేశాల కోసం ఆ మాట. సైనిక విషయాలలో నిర్ణయం ఏకగ్రీవంగా జరగవలెననే నియమమూ ఉన్నది. ఇది పిరికితనమనీ, ఒక్కడు కాదంటే అందరూ ఆగిపోవడం రక్షణ విధానమే కాదనీ విమర్శ వినవస్తున్నది.

ఆ విమర్శకు జవాబు వెతకబోతే జర్మన్ తత్త్వవేత్త కాంట్ దగ్గరకు పోవలసి వస్తుంది. శాశ్వత శాంతిని గురించి 1795లో వ్రాసిన చిన్న గ్రంథంలో, చంపడానికీ చావడానికీ మనుష్యులను కూలికి పెట్టుకోవడం వారిని రాజ్యం చేతి యంత్రాలుగా వాడుకోవడమని ఆయన అన్నాడు. యుద్ధం చేయాలా వద్దా అనేది దాని కష్టాలు అనుభవించే పౌరుల సమ్మతి మీద ఆధారపడి ఉంటే వారు బాగా వెనుకాడుతారనీ, రాజు ఒక్కడే నిర్ణయించేచోట యుద్ధం అతనికి వినోదయాత్ర వంటిదనీ ఆయన వాదం. శిబి కథలోని ధర్మం ప్రజారాజ్యంలో ఈ రూపమే తీసుకోగలదు. రాజ్యానికి స్వంత శరీరం లేదు. శరీరాలు పౌరులవి. వారు తెలిసి ఒప్పుకుంటేనే ఆ అభయం దానమవుతుంది. లేకుంటే అది పరుల సొమ్ముతో చేసిన దాతృత్వం.

రెండు యుద్ధాల పాపాన్ని మోసిన జర్మనీ ఈ పాఠాన్ని చట్టంగా మార్చుకున్నది. సైన్యాన్ని విదేశాలలో సాయుధ కార్యాలకు పంపే ముందు శాసనసభ సమ్మతి ఉండవలెనని 1994 జూలై 12న ఆ దేశపు రాజ్యాంగ న్యాయస్థానం తీర్పు చెప్పింది. 2015 నవంబరు 13న పారిస్‌లో ఘోర హత్యాకాండ జరిగినప్పుడు ఫ్రాన్సు ఆ 42వ అధికరణాన్ని మొదటిసారి ఎత్తి సహాయం అడిగింది. జర్మన్ శాసనసభ చర్చించి, డిసెంబరు 4న, 1,200 మంది వరకు సైనికులను పంపడానికి ఓటు వేసింది. ఆహ్వానం నుండి సమ్మతి వరకు పట్టినది మూడు వారాల లోపే. చర్చ వల్ల అభయం చచ్చిపోదని ఇది ఒక దృష్టాంతం. డెన్మార్కు ప్రజలు దాదాపు ముప్పదియేండ్లు ఈ ఉమ్మడి రక్షణకు వెలుపల నిలిచి, 2022 జూన్ 1న తమ ఓటుతో తామే లోపలికి వచ్చారు. మూడింట రెండు వంతులమంది సరే అన్నారు. ఐర్లండు ప్రజలు 2008లో లిస్బన్ ఒడంబడికను కాదని, తమ తటస్థతకు హామీ పుచ్చుకొన్న తరువాతనే 2009లో ఔనన్నారు. కాదనగలవాడు ఔనన్నప్పుడే ఆ మాటకు బరువు.

అయినా ఇంకొక ఆక్షేపణ మిగులుతుంది. శత్రువు శాసనసభ చర్చ ముగిసేవరకు ఆగడు. మూడు వారాలలో ఒక చిన్న దేశం ఉండీ లేనిది కావచ్చు. ఈ ఆక్షేపణ నిజమే. దీనికి సమాధానం, సమ్మతిని ప్రమాదం వచ్చిన నాటికి వాయిదా వేయక ముందే సంపాదించడం. సంపాదించినట్లు కంటికి కనబడేటట్లు చేయడం. లిథువేనియాలో జర్మనీ చేస్తున్న పని అట్టిది. సుమారు 5,000 మంది సైనికులతో ఒక దళాన్ని ఆ చిన్న దేశంలో శాశ్వతంగా నిలుపుతామని 2023లో జర్మనీ ప్రకటించింది. 2025 మే నెలలో రాజధాని విల్నియస్‌లో దాని ప్రారంభోత్సవం జరిగింది. 1941లో ఇదే నేల మీదికి జర్మన్ సేన ఆక్రమించడానికి వచ్చింది. ఎనుబది నాలుగేండ్ల తరువాత ఆ దేశపు ఆహ్వానంతో, కాపలా కాయడానికి వచ్చింది. పొరుగువాని వీధిలో కాపురం ఉండే సైనికుడు, దాడి జరిగిన నాడు తక్కెడలో ఎక్కవలసిన పని లేదు. ముందుగానే ఎక్కి ఉన్నాడు. పత్రంలోని వాక్యానికి ఇంతకంటె నమ్మదగిన వ్యాఖ్యానం దొరకదు.

ఈ ప్రశ్నలు ఐరోపాకే పరిమితమైనవి కావు. దక్షిణాసియాలో కూడా ఉమ్మడి రక్షణ అనే మాట ఒకసారి వినవచ్చింది. 1959లో పాకిస్తాన్ అధినేత అయూబ్ ఖాన్, ఉపఖండాన్ని రెండు దేశాలూ కలిసి రక్షించుకోవాలని ప్రతిపాదించాడు. ఎవరి నుండి రక్షణ అని నెహ్రూ పార్లమెంటులో అడిగిన ఎదురు ప్రశ్న ప్రసిద్ధమైంది. పాకిస్తాన్ అప్పటికే అమెరికా పక్షపు సైనిక కూటములలో ఉన్నది. భారతదేశం ఏ కూటమిలోనూ చేరని విధానం అవలంబించింది. కాని ఆ ప్రశ్నకు ఇంకొక లోతు ఉన్నది. ఎవరి నుండి అని ఎవరికి వారు అడుగుకొన్నప్పుడు, ఇద్దరి మనస్సులలోనూ మెదిలే మొదటి పేరు రెండవవాడిదే అయితే, ఉమ్మడి రక్షణకు పునాది ఏది? బొగ్గూ ఉక్కూ చేసిన పనికి ఇక్కడ సాటి రాదగినది 1960 సెప్టెంబరు 19న కుదిరిన సింధు జలాల ఒడంబడిక. నీటి లెక్కలను ఇరుపక్షాల ముందూ ఉంచిన ఆ పత్రం 1965, 1971, 1999 యుద్ధాలను దాటి నిలిచింది. 2025 ఏప్రిల్‌లో పహల్గాం హత్యాకాండ తరువాత భారతదేశం దాని అమలును నిలిపివేసింది. 1985 డిసెంబరు 8న ఢాకాలో పుట్టిన దక్షిణాసియా ప్రాంతీయ సహకార సంఘం, ఇరుదేశాల మధ్య వివాదాలను చర్చకే తీసుకోరాదని తన నిబంధనావళిలోనే వ్రాసుకున్నది. గాయాన్ని తాకరాదనే షరతు మీద వైద్యుని పిలిచినట్లున్నది ఆ ఏర్పాటు.

అయితే ఉమ్మడి విధానమనేది లేకున్నా, పొరుగువానికి అభయమివ్వవలసిన ఘట్టాలు ఇక్కడా రాకపోలేదు. 1987 జూలై 29న కొలంబోలో భారత ప్రధానమంత్రీ శ్రీలంక అధ్యక్షుడూ ఒడంబడిక చేసుకోగా, శాంతి నిలుపుతామని భారత సైన్యం ఆ ద్వీపానికి వెళ్లింది. అక్టోబరు నాటికే ఎవరిని కాపాడడానికి వెళ్లారో వారి పేర పోరాడుతున్న దళంతోనే యుద్ధం వచ్చిపడింది. సింహళులూ సంతోషించలేదు, తమిళులూ సంతోషించలేదు. 1990 మార్చిలో సైన్యం తిరిగి వచ్చేనాటికి దాదాపు 1,200 మంది భారత సైనికులు మరణించి ఉన్నారు. ఆ రెండు సంతకాల తూకం ఇంత అవుతుందని సంతకం నాడు ఎవరూ వారికి చెప్పలేదు, చెప్పగలిగినవారూ లేరు. మరుసటి యేడు 1988 నవంబరు 3న మాల్దీవులలో కిరాయి సైనికులు ప్రభుత్వాన్ని కూలద్రోయబోతే, ఆ దేశాధ్యక్షుడు సహాయం అడిగాడు, భారత సైనికులు ఆ రాత్రికే విమానాలలో దిగారు, పని ముగించారు. అడిగినవాడెవరో స్పష్టం, చేయవలసిన పని స్పష్టం, దాని హద్దు స్పష్టం. ఈ రెండు కార్యాలలో ఏది వీరోచితమైనదని అడగడం అనవసరం. రెండింటా వెళ్లినవారు ఒకే సేన సైనికులు. భేదం వారి ధైర్యంలో లేదు, వారి పేర పలికిన మాట పరిమాణంలో ఉన్నది.

గాంధీమహాత్ముడు అహింసావాదికి చెప్పిన ధర్మం మరొకటి: రక్షించదలచినవాడు తన శరీరాన్నే అడ్డంగా నిలపవలెను. అది శిబి ధర్మమే. వ్యక్తికి అది శిఖరం. కోట్ల మంది పక్షాన మాట్లాడే రాజ్యం ఆ శిఖరం ఎక్కానని చెప్పుకోలేదు. ఎందుకంటే దాని నాలుక ఒకరిది, మాంసం మరొకరిది. రాజ్యానికి సాధ్యమైన ధర్మం దానికంటె ఒక మెట్టు దిగువన ఉన్నది. తాను నిలుపుకోగలిగినంత మాత్రమే పలకడం. పలికినదానికి సరిపడే తూకాన్ని ముందే వేసి చూపడం. ఆ తూకం ఎవరి ఇళ్ల నుండి రావాలో వారిని ముందుగా అడగడం. ఈ మూడింటిలో ఏది లోపించినా కూటమి పెరిగినకొద్దీ అబద్ధమే పెరుగుతుంది.

ఉమ్మడి రక్షణ పత్రాలను రాజధానులలో దీపాల వెలుగులో చదువుతారు. పొరుగు దేశాల రాయబారులు చప్పట్లు కొడతారు. ఆ పత్రాన్ని మొదట చదివి వినిపించవలసిన స్థలం వేరు. సైన్యంలో చేరబోయే కుమారుడు భోజనానికి కూర్చున్న ఇంట్లో, ఆ తల్లిదండ్రుల ఎదుట, ఒక్క మాటా మెత్తబరచకుండా దానిని చదవవలె. ఫలానా దేశం మీద దాడి జరిగితే మీ అబ్బాయి వెళ్తాడు, తిరిగి రాకపోవచ్చు, ఎందుకు వెళ్లాలో ఇదీ కారణం అని చెప్పగలగాలి. వారు కొంతసేపు మౌనంగా ఉండి సరే అంటే, ఆ సరే అన్న మాటను నమ్మి పొరుగువాడు ఆ రాత్రి తలుపు వేసుకొని నిద్రపోవచ్చును.